ఊళ్ళు తిరిగిన బుడంకాయ

ఫిబ్రవరి 12, 2007. సోమవారం. తెనాలి

ఈ డైరీని బట్టల కొట్టు వాళ్ళు మా అబ్బాజాన్‌కు ఇచ్చారు. టైలరింగు కొలతలకు తన పాత పుస్తకమే బాగుందని ఆయన నాకిచ్చేశారు. ఇందులో ఇమ్రాన్ గురించి ఒక్క ముక్క కూడా రాయకూడదని ముందే అనుకున్నాను. నిన్న జరిగింది మాత్రం రాసి పెట్టుకుంటాను. లేకపోతే నాలుగు రోజుల్లో కోపం చల్లారి, తప్పు నాదేనేమో అనిపించే ప్రమాదం ఉంది.

రేపల్లె బస్టాండు దగ్గర నెట్ సెంటర్లో ఏడాదిగా పని చేస్తున్నాను. రోజూ పొద్దున్నే హైదరాబాదులోని సముద్ర పరిశోధన ఆఫీసు వాళ్ళ సైటులోంచి సముద్రం వేడి చూపించే పటం తీస్తాను. వెచ్చనీళ్ళూ చల్లనీళ్ళూ కలిసే చోట మేత ఉంటుంది, మేత ఉన్నచోట చేప ఉంటుంది. ఆ చోటు గుర్తుపెట్టి ఇస్తే ఇమ్రాన్ నిజాంపట్నం హార్బరుకు పట్టుకెళ్తాడు. అక్కడి బోట్లకు ఇంజన్ మెకానిక్ అతనే. నా భర్త కాబట్టి మామూలుగా నేను ‘ఆయన’ అనే అంటాను. ఈ డైరీలో మాత్రం అనను.

నిన్న నేనూ హార్బరుకు వెళ్ళాను. బోటు యజమాని వెంకటరత్నం గారు, నేను చూపించిన చోట వల బాగా నిండిందని పదిమందిలో మెచ్చుకున్నారు. ఆ ధైర్యంతో అడిగాను.

“ఒక్కసారి నన్నూ బోటులో తీసుకెళ్ళండి బాబాయ్. రోజూ కంప్యూటర్లో చూడటమేగాని సముద్రం లోపలికి ఎప్పుడూ పోలేదు.”

“ఆడోళ్ళు బోటెక్కితే వలలో చేప పడదమ్మాయ్. తాతలనాటి నుంచీ ఉన్నదే.”

“నన్ను చూసి పారిపోతాయా బాబాయ్ చేపలు?”

అందరూ నవ్వారు. నవ్వితే నవ్వారు. అందరికంటే గట్టిగా నవ్వింది ఇమ్రాన్. నవ్వి ఊరుకున్నాడా అంటే అదీ లేదు. “ఈవిడ గొంతుకు మా పెరట్లో కోళ్ళే పారిపోతన్నాయి బాబాయ్, చేపలెంత” అన్నాడు.

సాయంత్రం రైలుకు తెనాలి, పుట్టింటికి వచ్చేశాను. అదే హార్బర్లో, అదే జనం ముందు, ఇమ్రాన్ నా పక్షాన మాట్లాడిన రోజున రేపల్లె వెళ్తాను. అంతవరకూ వెళ్ళను. మాట తప్పుతానేమోనని ఇక్కడ రాసి పెట్టుకుంటున్నాను.

ఫిబ్రవరి 13

ఫోన్ రాలేదు. నేను ఎదురుచూడటం లేదు.

ఫిబ్రవరి 15, గురువారం

మా తమ్ముడు షఫీకి గడియార స్తంభం దగ్గర నెట్ సెంటర్ ఉంది. ఇంట్లో కూర్చుంటే అమ్మీ ప్రశ్నలు వేస్తుంది కాబట్టి అక్కడికే పోతున్నాను. “ఎన్నాళ్ళుంటావు బేటీ” అని పొద్దున అడిగింది. “నేనుంటే బరువా” అన్నాను. “నువ్వు బరువు కాదు, నీ మూతే బరువుగా ఉంది” అంది.

షఫీ కంప్యూటర్లో మా బుడంకాయను వెతికి పట్టుకున్నాను. సముద్రాల్లో పరిశోధన వాళ్ళు వదిలిన గొట్టాలున్నాయి. ఒక్కోటీ పదేళ్ళ పిల్లవాడంత ఎత్తు, నెత్తిన ఒక యాంటెన్నా. లోతున మునిగి ఉండి, పది రోజులకొకసారి పైకొస్తూ దారి పొడుగునా నీళ్ళ వేడీ ఉప్పూ కొలుస్తుంది. పైకొచ్చాక తానెక్కడుందో ఉపగ్రహానికి చెప్పి మళ్ళీ మునిగిపోతుంది. చెప్పిందంతా ఇంటర్నెట్లో పెడతారు. పాస్‌వర్డ్ అక్కర్లేదు, ఎవరైనా చూడొచ్చు. ప్రపంచంలో ఇంత దాపరికం లేని మనిషి ఇంకొకరు లేరు. సైటులో దానికి పెద్ద నంబరుంది. నేను బుడంకాయ అంటాను.

బంగాళాఖాతంలో ఇలాంటివి చాలా ఉన్నాయి. నిజాంపట్నానికి దగ్గరగా ఉన్నది ఇదే. దగ్గరని ఎంచుకోలేదు, ముందుగా ఇదే కంటబడింది.

ఫిబ్రవరి 20

హార్బరుకు పటం పోవడం లేదు. పోకపోతే ఏం, తాతలనాటి పద్ధతులు ఉన్నాయిగా.

ఫిబ్రవరి 25, ఆదివారం

బుడంకాయ ఒడ్డు వైపు కొట్టుకొస్తోంది. పోయిన నెల గీతా ఈ నెల గీతా పక్కపక్కన పెట్టి చూశాను. పైనీళ్ళు మెల్లమెల్లగా వేడెక్కుతున్నాయి, ఎండలు వస్తున్నాయిగా. కిందకు పోయేకొద్దీ చలి. ఆ అడుగున ఎప్పుడూ మార్పుండదు. మా అమ్మీ దృష్టిలో నేను ఆ అడుగునీళ్ళ లాంటిదాన్ని.

ఇమ్రాన్ గురించి రాయకూడదనుకున్నాను కాబట్టి ఇవాళ రాయడానికి ఇంకేమీ లేదు.

మార్చి 2

ఫోన్ వచ్చింది. షఫీ తీశాడు. “బావే ఆపా. అందరూ బాగున్నారా అన్నాడు. మీ ఊళ్ళో కరెంటు ఉంటందా అన్నాడు. పెట్టేశాడు” అన్నాడు.

నాకు ఇవ్వమని అడగలేదా అని నేను అడగలేదు. కరెంటు ఉందని చెప్పావా అని మాత్రం అడిగాను.

మార్చి 7, బుధవారం

సైటు పాడైపోయిందనుకున్నాను. రెండుసార్లు మూసి తెరిచాను. బుడంకాయ రేపల్లెలో ఉంది.

సముద్రంలో కాదు, రేపల్లె ఊళ్ళో. అంకెలను పటం మీద పెట్టి చూస్తే రైలు స్టేషను పరిసరాల్లో చుక్క పడింది. లోతు లేదు. నీళ్ళ వేడి లేదు, గాలి వేడి ఉంది. షఫీ వెనకనుంచి వంగి చూసి, “తెనాలి రైలు కోసం నిలబడిందేమో ఆపా” అన్నాడు. వాడికి అన్నీ వేళాకోళాలే.

ఎవరి వలలోనో పడి ఉంటుంది. విప్పి ఇత్తడికి అమ్ముకుంటారేమో. దిగులుగా ఉంది. మూడు వారాలుగా ఠంచనుగా నాతో మాట్లాడుతున్నది అదొక్కటే.

మార్చి 17, శనివారం

నవ్వీ నవ్వీ కడుపు నొప్పి వచ్చింది. నెట్ సెంటర్లో రిజల్టు చూసుకోవడానికి వచ్చిన పిల్ల తను తప్పిందేమో, అందుకే నేను నవ్వుతున్నానేమో అని ఏడవబోయింది. పాపం ఫస్టు క్లాసులో పాసైంది.

సంగతేంటంటే, బుడంకాయ ఇంకా రేపల్లెలోనే ఉంది. ఈసారి మాత్రం నీళ్ళలో ఉంది. ఆ నీళ్ళలో ఉప్పు ఎంతుందో చూసి నేను కళ్ళు నులుముకున్నాను. సముద్రంలో ఉండేదానికి రెట్టింపు పైనే ఉంది. అది సముద్రం కాదు, ఊరగాయ జాడీ. రేపల్లెలో ఎవరో దాన్ని డ్రమ్ములో నిలబెట్టి, నీళ్ళు పోసి, రాళ్ళ ఉప్పు గుమ్మరించారు.

లోకంలో అలాంటి పని చేసే మనిషి ఒక్కడే ఉన్నాడు. పోయినేడు హార్బరు నుంచి కూరకని ఒక పీతను తెచ్చి, అది తనవైపే చూస్తోందని కోయనివ్వలేదు. బకెట్లో నీళ్ళు పోసి ఉప్పేసి, “దీనికి ఊరు మీద బెంగ రాకుండా” అన్నారు ఆయన. మర్నాడు మళ్ళీ బైకు మీద నిజాంపట్నం తీసుకెళ్ళి వదిలి వచ్చారు. వలలో వింత వస్తువు పడితే బోటు వాళ్ళు మెకానిక్ దగ్గరికి కాక ఎవరి దగ్గరికి తెస్తారు? సముద్రం వస్తువు కాబట్టి ఉప్పునీళ్ళు లేకపోతే చచ్చిపోతుందని ఈ మెకానిక్ అనుకున్నాడు.

నెలరోజుల కోపం అంత నవ్వులో ఎంత కొట్టుకుపోయిందో తెలియదు. కొంచెం మిగిలింది. మిగిలినదాన్ని జాగ్రత్త చేసుకోవాలి.

మార్చి 18

ఆ ఉప్పుకు బుడంకాయ లోపలి తీగలు పాడైపోతాయి. తీసేయమని చెప్పాలి. చెప్పాలంటే ముందు నేను మాట్లాడాలి. షఫీని చెప్పమంటే, “మీ ఇద్దరి మధ్య దూరితే రేపు మీరిద్దరూ ఒకటై నన్ను తిడతారు” అన్నాడు. మూర్ఖుడు కాడు వీడు.

నేనే నంబరు నొక్కాను. మోగకముందే పెట్టేశాను. ఈమధ్య లైన్లు బాగుండటం లేదు.

మార్చి 27, మంగళవారం

బుడంకాయ బాపట్లలో ఉంది.

బాపట్లలో ఆయనకు ఏం పని? చుట్టాలెవరూ లేరు. నాకంటే ముందు ఒక సంబంధం మాత్రం బాపట్ల నుంచి వచ్చింది. ఆ అమ్మాయికి ఇప్పుడు ఇద్దరు పిల్లలని విన్నాను. నాకెందుకు, గుర్తొచ్చింది కాబట్టి రాశాను.

ఏప్రిల్ 1

మీలాద్ పండుగ. అమ్మీ ఖీరు చేసింది. అది అల్లుడికెంత ఇష్టమో వంటింట్లో నిలబడి గోడకు చెప్పింది. గోడ అవతల నేనున్నాను.

ఏప్రిల్ 5, గురువారం

తెనాలి.

మామూలుగా అది కబురు పంపిన మర్నాడు గాని సైటులో కనబడదు. ఇవాళ సాయంత్రానికే చుక్క పడింది. బుడంకాయ తెనాలిలో ఉంది, పొద్దుటి నుంచీ ఉంది. పటం మీద చూస్తే మా ఇల్లూ ఆ చుక్కా ఒకటే అన్నంత దగ్గరగా ఉన్నాయి. నేను ఇంటికి ఎలా వచ్చానో తెలియదు.

ఎవరూ రాలేదు. తల దువ్వుకుని, ఆకుపచ్చ చీర కట్టుకుని కూర్చున్నాను. అమ్మీ చూసి, “ఎక్కడికి” అంది. ఎక్కడికీ లేదన్నాను. ఊళ్ళో ఉండి కూడా రాని మనిషి కోసం చీర మార్చుకున్నానని చెప్పడం ఎలా?

ఏప్రిల్ 6, శుక్రవారం

జుమ్మా నమాజు అయ్యాక వచ్చారు. ముందు షఫీ, వెనక ఆయన. భుజాన దుప్పటి చుట్టిన బుడంకాయ. చిక్కిపోయారు. గడ్డం సరిగ్గా గీసుకోలేదు. నేను గుమ్మంలో నిలబడి బుడంకాయనే చూశాను, అప్పుడు ఆయన్ను చూడనక్కర్లేదు.

“నిజాంపట్నం వలలో పడింది. ఇదేంటో నువ్వైతే చెప్తావని తెచ్చా. మిషను పని మీద వచ్చా, అంతే” అన్నారు.

“నిన్న పొద్దున్నే ఊళ్ళోకి వచ్చారుగా. ఇప్పటిదాకా ఏం చేశారు?”

ఆయన షఫీ వైపు అనుమానంగా చూశారు. “నీకెవరు చెప్పారు?”

“అదే చెప్పింది” అని బుడంకాయను చూపించాను.

ఆయన దాన్ని భుజం మీంచి దించి, కాస్త దూరంగా పెట్టారు. చాడీలు చెప్పే పిల్లవాణ్ణి చూసినట్టు చూశారు. నేను ఊరుకోలేదు. రేపల్లె రైలు స్టేషనూ, ఉప్పునీళ్ళ డ్రమ్మూ, బాపట్లా అన్నీ వరసగా చెప్పాను. అమ్మీ నోరు తెరుచుకుని వింటోంది.

“ఎంత ఉప్పేశారు?”

“బస్తాలో సగం ఉంటది. సముద్రందాన్ని మంచినీళ్ళలో పెడితే పాడైపోద్దని...” అని ఆగి, “ఎక్కువైందా?” అన్నారు.

నవ్వు బయటపడకుండా పెదవి కొరుక్కున్నాను. బాపట్ల సంగతి కూడా తేలింది. అక్కడి కాలేజీ లేబరేటరీలో పనిచేసే మధుబాబు ఆయన స్నేహితుడు. గొట్టం మీద అంటించిన ఇంగ్లీషు చదివించడానికి తీసుకెళ్ళారు. ‘ఇది పరిశోధన పరికరం, విప్పొద్దు, ఆఫీసుకు తెలపండి’ అని ఉందట. “మీ ఆవిడ రోజూ చూసేది ఇలాంటివే కదరా, నా దగ్గరికి తెచ్చావేం” అని మధుబాబు తిట్టాడట. నిన్నంతా మాత్రం మసీదు పక్క టీ కొట్టులో కూర్చుని, మా వీధి దాకా రెండుమూడుసార్లు వచ్చి వెనక్కి పోయారట. ఇది షఫీ చెప్పాడు.

అమ్మీ లోపలికి పోయాక, “ఆ రోజు నవ్వకుండా ఉండాల్సింది” అన్నారు ఆయన, నేలకేసి చూస్తూ.

ఆ మాటకు లోపల ఏదో కరిగింది. కానీ, “నాతో కాదు. హార్బర్లో చెప్పండి” అన్నాను.

“అందరి ముందా? అక్కడ పదిమందితో పని తబస్సుమ్. పెళ్ళాం చాటు మనిషినంటారు.”

“నన్ను కోళ్ళను తోలేదాన్నన్నది అందరి ముందే కదండీ.”

ఆయన అన్నం తిని, బుడంకాయను వదిలి, సాయంత్రం బస్సుకు వెళ్ళిపోయారు. అమ్మీ నన్ను తిట్టింది. తాను పట్టిన కుందేటికి మూడే కాళ్ళంటావు, అల్లుడు గడప దాకా వస్తే పంపించేస్తావా అంది. నేను పంపలేదు. ఉండమని అనలేదు, అంతే.

ఏప్రిల్ 9, సోమవారం

హైదరాబాదు ఆఫీసుకు మెయిల్ పంపితే ఇవాళ జవాబు వచ్చింది. గొట్టం ఊళ్ళు తిరుగుతుంటే వాళ్ళకూ ఏమీ పాలుపోలేదట. ఒంటికి పగుళ్ళు లేకపోతే మంచినీళ్ళతో కడిగి, లోతు నీళ్ళలో వదలమన్నారు, ఇంకా బతికే ఉందన్నారు. పదిహేను నుంచి చేపల వేట నిషేధం, జూన్ దాకా బోట్లు కదలవు. ఈ వారంలోనే వదలాలి.

ఎవరు వదలాలని వాళ్ళు రాయలేదు. నేనే వదులుతాను.

ఇమ్రాన్‌కు ఫోన్ చేసి చెప్పాను. పని మీద చేసిన ఫోన్ ముందు మాట్లాడటం కిందకు రాదు. “బుధవారం రా” అన్నారు ఆయన.

ఏప్రిల్ 11, బుధవారం. రేపల్లె

నేనూ షఫీ బుడంకాయా రైల్లో రేపల్లె, అక్కడి నుంచి బస్సులో నిజాంపట్నం. హార్బర్లో అదే జనం. వెంకటరత్నం గారు బుడంకాయను తడిమి చూసి, “నా బోటులో పడిందే గదా, నేనే తీసుకుపోయి వదిలేస్తా” అన్నారు. నేను పక్కనే ఉన్నాను, కానీ ఆయన మాట షఫీతో.

“నేను వదలాలి బాబాయ్.”

“మళ్ళీ అదే మాటా అమ్మాయ్?” అన్నారు. వెనక ఎవరో అప్పుడే నవ్వడం మొదలుపెట్టారు.

మా ఆయన ఇంజన్ గదిలో ఉన్నారు. పైకొచ్చి, నూనె చేతులు గుడ్డతో తుడుచుకుంటూ బోటులోంచి దిగారు. నా మొహం చూడలేదు. తుడిచిన చేతినే మళ్ళీ తుడుస్తున్నారు. ఈయన మాట్లాడరు, వచ్చిన దారినే పోదామని నేను షఫీ చెయ్యి పట్టుకున్నాను.

“బాబాయ్” అన్నారు. “ఆ రోజు నేను నవ్వాను. అది తప్పు. ఈవిడ చెప్పిన చోటికి మన బోట్లు పోవచ్చు, ఈవిడ మాత్రం పోకూడదంటే నాకు అర్థం కావట్లా. తబస్సుమ్ ఎక్కితే రేపు నేను ఇంజన్ మీద చెయ్యేస్తా. ఎక్కకపోతే వేరే మెకానిక్‌ను చూసుకోండి.”

గుంపులో ఒకాయన, “పెళ్ళానికి భయపడ్డాడురోయ్” అన్నాడు.

“భయమే అన్నయ్యా. రెండు నెల్ల నుంచి నా వంట నేనే తింటన్నా, నువ్వొచ్చి ఒక పూట తిని చూడు” అన్నారు ఆయన.

నవ్వు హార్బరంతా పాకింది. నాకు మాత్రం నవ్వు రాలేదు. ఏడుపు వచ్చింది, అది కూడా సంతోషంగానే వచ్చింది. వెంకటరత్నం గారు కాసేపు నీళ్ళకేసి చూసి, “చేప పడకపోతే?” అన్నారు నాతో.

“పడకపోతే ఇంక బోటు మాటెత్తను బాబాయ్.”

“తెల్లారకముందే రండి” అన్నారాయన.

ఏప్రిల్ 12, గురువారం

ఒడ్డు కనబడుతున్నంతసేపూ రాణిలా నిలబడ్డాను. ఒడ్డు మాయమయ్యాక వాంతులు. తల పట్టుకోవడానికి ఆయన ఇంజన్ను వదిలి వచ్చారు. ఇంతకోసమా రెండు నెలలు అలిగాను అనిపించింది, కానీ పైకి అనలేదు.

లోతు నీళ్ళకు చేరాక ఇంజన్ ఆపారు. కడుపు కుదుటపడింది. బుడంకాయకు తాడు కట్టి మెల్లగా దించాం. తాడు లాగేశాక నిటారుగా నిలబడింది, యాంటెన్నా ఊపుకుంటూ దూరమైంది. “ఇంకెవరి వలలోనూ పడకు” అన్నారు ఆయన దానితో, పెద్దమనిషిలా.

నేను అంచు మీంచి వంగి నీళ్ళలో చెయ్యి పెట్టాను. ఏడాదిగా ఇరవై ఎనిమిది, ఇరవై తొమ్మిది అని రోజూ రాస్తున్నాను. ఆ అంకె ఇంత గోరువెచ్చగా ఉంటుందని అనుకోలేదు. చంటిపిల్లలకు స్నానానికి చల్లనీళ్ళు కలిపి తొరిపిన నీళ్ళలా ఉంది. మోచేతి దాకా ముంచి ఉంచాను. ఆయన నా నడుం పట్టుకుని ఉన్నారు, పడిపోతానని.

తిరిగొచ్చేటప్పుడు వల వేశారు. వల పైకి వస్తుంటే అందరూ నన్నే చూస్తున్నారు. నేను ప్రవక్తను తలుచుకుని మనసులో దరూద్ చదువుకున్నాను. చేపలు పడ్డాయి. ఎక్కువ కాదు, తక్కువ కాదు, మామూలుగా పడ్డాయి. వెంకటరత్నం గారు రెండు చేతులతో కలియబెట్టి చూసి, “రోజూ పడేట్టే పడ్డాయి” అన్నారు. నిరాశపడ్డారో స్థిమితపడ్డారో ఆయనకే తెలియనట్టుంది.

ఏప్రిల్ 13, శుక్రవారం. రేపల్లె

మా ఇంట్లో అన్ని గిన్నెలూ అడుగంటి ఉన్నాయి. పొద్దంతా తోముతూనే ఉన్నాను. ఆ పనయ్యాక పటం పట్టుకుని ఆయనతో హార్బరుకు వెళ్ళాను, నిషేధానికి ముందు ఇదే ఆఖరి పటం.

దిగగానే చేపలు ఏరే ఆడవాళ్ళు చుట్టుముట్టారు. వెంకటరత్నం గారి భార్య రంగమ్మ గారు ముందున్నారు. పుట్టింది ఆ ఒడ్డునే, కాపురం ఆ ఒడ్డునే. జుట్టు నెరిసేదాకా ఆ సముద్రం చేపలే ఏరారు, ఎండబెట్టారు, గంపకెత్తి అమ్మారు. ఆవిడ నా చెయ్యి పట్టుకుని, గొంతు తగ్గించి అడిగారు.

“లోపల ఎట్టా ఉంటదమ్మా?”

ఒడ్డు మాయమైనప్పుడు ఎలా ఉంటుందో, నీళ్ళు ఏ రంగులోకి మారతాయో, ఎంత వెచ్చగా ఉంటాయో తోచినట్టు చెప్పాను. వాంతుల సంగతీ దాచలేదు. అందరూ చేతిలో పని ఆపి విన్నారు. అయిపోయాక రంగమ్మ గారు కొంగుతో చేతులు తుడుచుకుని, వల బాగుచేసుకుంటున్న భర్త దగ్గరికి వెళ్ళారు.

“జూన్లో బోట్లు తీసినాక నేనూ వస్తన్నా. చేపలు పడతన్నాయంటగా” అన్నారు.

వెనకనున్న వాళ్ళంతా, మేమూ అంటే మేమూ అన్నారు. వెంకటరత్నం గారు ఇమ్రాన్ వైపు చూశారు. ఈయన ఏదో నట్టు వెతుక్కుంటున్నట్టు కిందకు వంగారు. ఇంక దారిలేక వెంకటరత్నం గారు నావైపు తిరిగారు.

“జూన్లో అలలెట్టా ఉండేదీ ముందే తెలుస్తదా అమ్మాయ్ నీ కంప్యూటర్లో?”

“తెలుస్తుంది బాబాయ్” అన్నాను. “బోటులో ఒకసారికి ఎంతమంది ఎక్కొచ్చో మీరు చెప్పండి.”